పద్నాలుగు నీలం వానకోట్లు

క్లోతిల్డాకి తలలు లెక్కపెట్టడం ఒక జబ్బు. బస్సు ఎక్కేటప్పుడు ఒకసారి, దిగేటప్పుడు ఒకసారి, మధ్యలో అద్దంలోంచి ఇంకోసారి. చర్చిలో పాట పాడుతూ కూడా ముందు వరసలో ఎందరున్నారో లెక్కపెట్టుకుంటుందని చెల్లెలు వెక్కిరిస్తుంది. వెక్కిరిస్తే వెక్కిరించనీ. పొద్దున్నే ద్వీపంలోని రోజో పట్నం రేవులో ఓడ దిగినవాళ్ళని ఎక్కించుకుని, అడవీ జలపాతమూ, ద్వీపపు ఆదివాసులైన కలినాగోల ఊరూ తిప్పి, సాయంత్రం నాలుగున్నరకల్లా అదే ఓడ మెట్ల దగ్గర అప్పజెప్పే బస్సు డ్రైవరుకి ఆ జబ్బు ఉండి తీరాలి. ఒక్క తల తగ్గినా ఓడ ఆగదు. అయిదింటికి కూత వేసి తన దారిన తను పోతుంది.

ఆరోజు తలలు పద్నాలుగు, సీట్లు పదిహేను. పదమూడుగురు జంటలుగానో కుటుంబాలుగానో వచ్చారు. ఒంటరిగా వచ్చింది మిస్టర్ ఆల్డ్రిజ్ ఒక్కడే. డెబ్బై తొమ్మిదేళ్ళ మనిషి, చేతిలో కర్ర, చెవిలో మిషన్.

"నేను వెనక్కి పోతాను. నా పక్కన కూర్చునేవాళ్ళెవరూ లేరు, ఎక్కడైనా ఒకటే," అన్నాడు.

"వెనక కూర్చున్నా సరే, మిమ్మల్ని మాత్రం వదిలి పోను సార్. నాకు ఒక్క తల తగ్గితే నిద్ర పట్టదు," అంది క్లోతిల్డా.

ఆయన నవ్వి వెనక్కి వెళ్ళాడు. పక్కనున్న ఖాళీ సీట్లో తన సంచి పెట్టుకున్నాడు.

ఆమెకి పొద్దున్నుంచీ మనసు మనసులో లేదు. కిందటి సీజన్లో, ఓడలకి బస్సులు కుదిర్చే ఆఫీసు వాళ్ళు ఆమె చేతికో కాగితం ఇచ్చారు. టూరు బస్సులో బయటి మనుషుల్ని ఎక్కించుకున్నావని ఫిర్యాదు వచ్చింది, ఇంకోసారి జరిగిందంటే జాబితాలో నీ పేరుండదు, అని. ఆ జాబితాలో చోటు కోసం నాలుగేళ్ళు ఆ గుమ్మం చుట్టూ తిరిగింది. ఆ కాగితం ఇప్పటికీ డ్యాష్‌బోర్డు అరలోనే ఉంది.

బయటి మనుషులంటే ఎవరు? ఆమె ఊరి వాళ్ళే. ఓడ వచ్చిన రోజున ద్వీపంలో ఉన్న బస్సులన్నీ రేవుకి పరిగెడతాయి. తూర్పు ఊళ్ళ వాళ్ళు బస్సు లేక రోడ్డు పక్కన నిలబడిపోతారు. అందుకే, సీటు ఖాళీగా ఉన్న బండి ఏదైనా ఆగాలి. ఆగకపోతే ఆ కబురు బండికంటే ముందు ఇంటికి చేరుతుంది, పదేళ్ళయినా ఎవరూ మరిచిపోరు.

పదకొండున్నరకి సెరాఫీన్ మడుగు చేరారు. పైనుంచి సన్నటి జలపాతం, కింద చల్లటి మడుగు, చుట్టూ చీకటి కమ్మిన అడవి. రోడ్డు నుంచి పది నిమిషాల కాలిబాట. పన్నెండు దాటగానే కొండ మీద మబ్బు ఉరిమి చినుకులు మొదలయ్యాయి. క్లోతిల్డా ఈల వేసి, పైకి రండని కేకేసి, అందరికీ పంచిన వానకోట్లలో మిగిలినవి చంకన పెట్టుకుని, బస్సు తలుపు తెరవడానికి ముందుగా పరిగెత్తింది.

బస్సు పక్కన, నెత్తిన అడవి అరిటాకు పట్టుకుని, కాళ్ళ దగ్గర చేమదుంపల బుట్టతో తాంతీ ఫెలిస్ నిలబడి ఉంది. తాంతీ అంటే పిన్నో, అత్తో, పెద్దమ్మో. ఎనభై రెండేళ్ళ ఫెలిస్ తూర్పు ఊళ్ళన్నిటికీ తాంతీయే.

"ఏమే తిల్డా, చూసీ చూడనట్టు పోదామనుకున్నావా?"

"లేదు తాంతీ. ఇది ఓడవాళ్ళ బండి. నాకు కాగితం ఇచ్చారు కదా."

"ఓడవాళ్ళ బండయితే ఏంటంట? మీ అమ్మ పోయినరోజు వచ్చినవాళ్ళందరికీ వండిపెట్టింది నేను, ఓడవాళ్ళు కాదు. తొమ్మిదింటి నుంచీ నించున్నాను. నాలుగు బస్సులు పోయాయి, నాలుగూ తెల్లోళ్ళతోనే."

క్లోతిల్డా వెనక్కి చూసింది. బాట మీద ఇంకా ఎవరూ రాలేదు.

"ఎక్కు. వెనక్కి పో. ఇదిగో ఈ కోటు తొడుక్కుని టోపీ ముక్కు దాకా లాక్కో. ఎవరన్నా పలకరిస్తే నవ్వి ఊరుకో."

"నాకున్నవి నాలుగు పళ్ళే. నవ్వితే దొరికిపోమూ?"

"అయితే నవ్వకు, తల్లీ. ఎక్కు."

ఈలోగా వాన దబదబా పడింది. నీలం ప్లాస్టిక్ కోట్లలో జనం అరుస్తూ, జారుతూ, ఒకళ్ళనొకళ్ళు తోసుకుంటూ వచ్చి బస్సులో పడ్డారు. అద్దాలు ఆవిరి పట్టాయి. క్లోతిల్డా తలుపు దగ్గర నిలబడి వేలితో లెక్కపెట్టింది. అన్నీ ఒకేలాంటి టోపీలు. పన్నెండు, పదమూడు, పద్నాలుగు. వెనక సీట్లో ఒకటి ఖాళీ, దాని మీద సంచి. పొద్దున్నుంచీ ఉన్న ఖాళీయే కదా. గుండెల మీద చెయ్యి వేసుకుని బస్సు స్టార్టు చేసింది.

తాంతీని ఆఫీసుకి కనబడకుండా దాచాలనుకుంది. ఎంత బాగా దాచిందంటే, తనకే కనబడకుండా పోయింది.

ముప్పై అయిదు నిమిషాల తర్వాత, కలినాగోల ఊరికి ఓ మలుపు ముందు, బస్సు ఆపింది. తాంతీ బుట్ట పట్టుకుని దిగి, మళ్ళీ లోపలికి వంగి ఓ నల్ల సంచి తీసి క్లోతిల్డా చేతిలో పెట్టింది.

"ఇదెవరిదో చూడు. దారంతా నా మోకాలికి కొట్టుకుంటూనే ఉంది. నా పక్కన ఎవరూ లేరు మరి."

క్లోతిల్డా సంచి వంక చూసింది. తర్వాత బస్సులోకి చూసింది. టోపీలన్నీ తీసేసి ఉన్నాయిప్పుడు. వేలు పెట్టి లెక్కపెట్టాల్సిన పని కూడా లేదు. వెనక సీటంతా ఖాళీ.

ఆమె పై ప్రాణాలు పైనే పోయాయి.

"ఆల్డ్రిజ్ గారు ఎక్కడ?"

ముందు సీట్లో డోరీన్ అనే రిటైరయిన టీచరమ్మ వెనక్కి తిరిగింది. "ఆ ముసలాయనా? వెనక నిద్రపోతున్నాడనుకున్నాను. మీరు లెక్కపెట్టారు కదా?"

క్లోతిల్డా సంచి తెరిచింది. ఒక బిస్కట్ పొట్లం, ఒక చేతిరుమాలు, ఒక చిన్న తెల్ల డబ్బా. డబ్బాలో చెవి మిషన్. తుంపర పడి పాడవుతుందని తీసి దాచుకున్నాడన్నమాట. ఆమె ఈల ఆయనకి వినబడలేదు, కేకా వినబడలేదు, వానా వినబడలేదు. ఓడ మనిషి, చెవులు లేని మనిషి, అడవిలో ఒక్కడూ. టైము పన్నెండూ యాభై.

మడుగు దగ్గరున్న దుకాణం వాళ్ళకి ఫోన్ చేసింది. ఆ లోయలో సిగ్నల్ ఏనాడూ లేదని తెలుసు, అయినా చేసింది. తర్వాత మలుపు తిప్పి బస్సుని మార్సెలా రొట్టెల పాక ముందు ఆపింది. కర్రపెండలం రొట్టెలు కాల్చే మార్సెలా పిండి చేతులతో బయటికొచ్చింది.

"వీళ్ళని రెండు గంటలు చూసుకో. రొట్టె చెయ్యడం చూపించు, బుట్ట అల్లడం చూపించు, పడవ చెక్కడం చూపించు. ఇంకేం లేకపోతే మీ ఆయన్ని చూపించు."

"మా ఆయన్ని చూడ్డానికి రెండు నిమిషాలు చాలు. ఏమైందే? మొహం అలా పాలిపోయింది?"

"మనిషిని వదిలేశాను."

మార్సెలా చేతులు దులుపుకుని జనాన్ని పాకలోకి పిలిచింది. క్లోతిల్డా బస్సులోకి ఎక్కబోతే ముందు సీట్లో తాంతీ కూర్చుని ఉంది. బస్సు వెనకే నడిచొచ్చి, దుంపల బుట్టని పాక అరుగు మీద పెట్టేసి ఎక్కింది.

"నువ్వెక్కడికి తాంతీ? ఇంటికి పో."

"ఆయన సీట్లో కూర్చుంది నేను. ఇంట్లో కూర్చుంటే నాకు కూడు దిగుతుందా? బండి తియ్యి."

రోడ్డు పాములా వంకర్లు తిరుగుతుంది. మామూలుగా ఆ వంకర్లలో క్లోతిల్డా అడవి గురించి కబుర్లు చెబుతూ పోతుంది. ఇప్పుడు కళ్ళు గడియారం మీదే ఉన్నాయి. ఓ మలుపులో ఎదురుగా, అరిటిగెలలు చేరవేసే డెన్రాయ్ ఎర్ర పికప్ వచ్చింది. లైట్లు కొట్టాడు, హారన్ పొడుగ్గా మోగించాడు, అద్దం దించి చెయ్యి ఊపాడు. ఈ ద్వీపంలో ఎదురొచ్చిన ప్రతి బండికీ హారన్ కొట్టాలి. కొట్టకపోతే మాటలు లేవని అర్థం. క్లోతిల్డా రెండుసార్లు కొట్టి దూసుకుపోయింది.

"నెమ్మదిగా పోవే. మనం కూడా లోయలో పడితే మనల్ని వెతకడానికి ఇంకో బస్సు కావాలి. ఓడ రోజున బస్సెక్కడ దొరుకుతుంది?" అంది తాంతీ.

"తాంతీ, నీకు దణ్ణం పెడతాను, మాట్లాడకు."

"మాట్లాడకపోతే నాకు భయమేస్తుంది."

ఆ మాట విన్నాక క్లోతిల్డా కాస్త వేగం తగ్గించింది.

ఒకటిన్నరకి మడుగు చేరారు. బళ్ళు నిలిపే చోట ఒక్క బండి లేదు. దుకాణం మీద ప్లాస్టిక్ పట్టా కప్పి ఉంది. తాంతీని అక్కడే ఉంచి క్లోతిల్డా బాట మీద పరిగెత్తింది. అలవాటుకొద్దీ ఈల వేసింది, ఎవరికి వినబడాలని వేస్తున్నాను అనుకుని ఈల వదిలేసింది. వాన తగ్గింది గాని పైన కొండ మీద ఎంత కురిసిందో, మడుగు పొంగి ఉంది. పొద్దున అద్దంలా ఉన్న నీళ్ళు ఎర్రగా, బురదగా, కొమ్మలు దొర్లించుకుంటూ దిగుతున్నాయి.

పక్కనున్న రేకుల షెడ్డు ఖాళీ. మడుగు అంచున కడ్డీకి ఆనించి ఆయన కర్ర ఉంది.

క్లోతిల్డా వంగి నీళ్ళలోకి చూసింది. కడ్డీ పట్టుకుని నిలబడింది. తర్వాత కర్ర తీసుకుని నీళ్ళలోకి దిగింది. మోకాళ్ళ దాకా, నడుం దాకా. కర్రతో అడుగున పొడుస్తూ, ఏదైనా మెత్తగా తగులుతుందేమోనని భయపడుతూ, తగలకపోతే ఇంకా భయపడుతూ వెతికింది. మిమ్మల్ని మాత్రం వదిలి పోను సార్ అని పొద్దున తనే అంది. ఎంత తేలిగ్గా అనేసింది. జాబితా పోనీ, కాగితం పోనీ, బస్సు కూడా పోనీ, ఈ మనిషి మాత్రం బతికి ఉంటే చాలు దేవుడా అని పైకే అంది. ఏడుపు వచ్చేసింది. సిగ్గుపడకుండా ఏడ్చింది, అడవిలో వినేవాళ్ళు ఎవరున్నారు గనక.

పైనుంచి కేక వినబడింది. తాంతీ గొంతు.

"తిల్డా, పైకి రా. మనిషి దొరికాడు."

ఎలా ఎక్కి వచ్చిందో ఆమెకే తెలియదు. దుకాణం దగ్గర తాంతీ పక్కన హైసింత్ నిలబడి ఉంది. ఆ దుకాణం ఆవిడదే. వానకి కట్టేసి ఇంటికెళ్ళి, తిని వచ్చింది.

"చెవిటాయనేగా?" అంది హైసింత్. "నేను దుకాణం కట్టేస్తుంటే తడిసి ముద్దయి వచ్చాడు. ఏమడిగినా చెయ్యి ఊపుతాడు. డెన్రాయ్ పెళ్ళాంతో అటు పోతుంటే ఆపాను. చొక్కా మీద నీ బస్సు నంబరు అంటించి ఉంది. తిల్డా మార్సెలా దగ్గరే ఉంటుంది, నేనూ అటే పోతున్నా అని ఎక్కించుకుపోయాడు. నీకు దారిలో కనబడలేదా?"

క్లోతిల్డా తాంతీ వైపు చూసింది.

"కనబడ్డాడు," అంది తాంతీ. "హారన్ కొట్టాడు. ఇదీ కొట్టింది."

మళ్ళీ అవే మలుపులు. కొండ ఎక్కాక సిగ్నల్ వస్తే మార్సెలాకి ఫోన్ చేసింది. మోగింది, మోగింది, ఎవరూ తియ్యలేదు. డెన్రాయ్ మంచివాడే, కానీ అతని పికప్ ప్రతి గుమ్మం దగ్గరా ఆగుతుంది. ఒకళ్ళకి అరిటిగెల దించాలి, ఒకళ్ళని ఎక్కించుకోవాలి. ఎక్కడ ఆగాడో, ఎవరింట్లో కూర్చోబెట్టాడో. రెండూ పది. రెండూ ఇరవై. కళ్ళతో చూసేదాకా ఆమె ఏదీ నమ్మదలుచుకోలేదు.

పాక ముందు ఎర్ర పికప్ ఉంది. పాకలో, అందరికీ వీపు పెట్టి, చిన్న పీట మీద మిస్టర్ ఆల్డ్రిజ్ కూర్చుని ఉన్నాడు. ఎవరిదో పొడి చొక్కా తొడుక్కున్నాడు. ఆకులో వేడి రొట్టె తింటున్నాడు. పిలిస్తే వినబడదు కాబట్టి క్లోతిల్డా దగ్గరికెళ్ళి భుజం మీద చెయ్యి వేసింది. తెల్ల డబ్బా ఆయన చేతిలో పెట్టింది. ఆయన నింపాదిగా మిషన్ తీసి చెవిలో పెట్టుకున్నాడు.

"ఇప్పుడు చెప్పండి," అన్నాడు.

"క్షమించండి సార్. వానలో నాకు లెక్క తప్పింది."

"లెక్క తప్పిందా?" ఆయన గొంతులో కోపం లేదు. "వాన పెద్దదయ్యాక కర్ర కూడా అక్కడే మరిచిపోయి షెడ్డులోకి వెళ్ళాను. నాకు వినబడదు కదా, దారి వైపే చూస్తూ కూర్చున్నాను. ఆ అమ్మాయి ఒక్క తల తగ్గితే నిద్రపోనంది, వస్తుందిలే అనుకున్నాను. పద్నాలుగులో ఒకటి తగ్గితే పదమూడు కదా. తెలియకుండా ఎలా ఉంటుంది?"

క్లోతిల్డా తల వంచుకుంది. అప్పుడైనా చెప్పాల్సింది. పక్కన తాంతీ ఆమె మొహం వంకే చూస్తోంది. జాబితా పోనీ దేవుడా అని ఇందాక ఏడ్చిన మనిషే. మనిషి దొరికాక ఆ జాబితా మళ్ళీ అడ్డం వచ్చింది. "వాన సార్," అని మాత్రం అంది.

రెండూ నలభైకి బయల్దేరారు. రేవుకి గంటంబావు దారి. తాంతీ మళ్ళీ ఎక్కింది, ఆయన ఓడ మెట్లెక్కడం కళ్ళారా చూస్తే గాని ఇంటికి పోనంది. ఎలాగూ క్లోతిల్డా తిరిగి రావాల్సింది ఆ దారినే. వెనక సీట్లో ఆల్డ్రిజ్ పక్కనే కూర్చుంది. సగం దారిలో ఓ కంటైనర్ లారీ అడ్డం వచ్చింది. దాని వెనక నలభై నిమిషాలు నత్తనడక. అందరూ వాచీలు చూసుకున్నారు.

రోజో కనబడ్డాక డోరీన్ ముందుకు వంగి గుసగుసగా అంది. "మేమందరం మాట్లాడుకున్నాం. ఆఫీసు వాళ్ళు అడిగితే రోజంతా బాగా గడిచిందని చెబుతాం. మీరు కంగారుపడకండి."

క్లోతిల్డాకి నెత్తి మీద బరువు దిగినట్టయింది. ఆ క్షణంలోనే అద్దంలో చూసింది. వెనక తాంతీ నీలం కోటు మళ్ళీ తొడుక్కుంటోంది. టోపీ లాక్కుని, సీటుకీ సీటుకీ మధ్య కిందికి జారుతోంది.

"ఏం చేస్తున్నావ్ తాంతీ?"

"ఓడ దగ్గర మీ ఆఫీసాయన ఉంటాడుగా. కింద కూర్చుంటాలే. నేనెలాగూ లెక్కలో లేనిదాన్నేగా."

దెప్పిపొడుపు కాదది. బియ్యం అయిపోయాయి అన్నంత మామూలుగా అంది. ఎనభై రెండేళ్ళ మోకాళ్ళు మడుచుకుని, బురద చెప్పుల మధ్య కూర్చుంది. క్లోతిల్డాకి ఆ మాట కత్తి దిగినట్టు దిగింది.

నాలుగూ ఇరవై మూడుకి బస్సు ఆగింది. ఓడ మెట్ల దగ్గర ఆఫీసు మనిషి కత్‌బర్ట్ గారు అట్టకి కాగితం బిగించుకుని నిలబడి ఉన్నాడు. జనం గబగబా దిగి పోయారు. ఆఖర్న ఆల్డ్రిజ్ దిగాడు. క్లోతిల్డా కర్ర అందించింది. ఆయన బస్సు వెనక్కి ఒకసారి చూసి, గొంతు తగ్గించాడు.

"ఆవిడ కోటు కూడా నీలమే."

క్లోతిల్డా మొహం ఎత్తలేకపోయింది.

"నన్ను ఎక్కించుకున్న అతని భార్య దిగి నాకు ముందు సీటిచ్చింది," అన్నాడాయన. "తను వెనక, వానలో, అరిటిగెలల మీద కూర్చుంది. నేనూ ఇంకొకళ్ళ సీట్లో కూర్చునే వచ్చానమ్మా." అని కర్ర పొడుచుకుంటూ మెట్ల వైపు నడిచాడు.

ఆమె ఆయన వీపునే చూస్తూ లెక్కపెట్టింది. పదమూడుగురు అప్పటికే ఓడెక్కేశారు. ఆయన ఆఖరి మెట్టెక్కి లోపలికి వెళ్ళేదాకా ఊపిరి బిగబట్టుకునే ఉంది.

"ముచ్చెమటలు పోయించావు కదా తిల్డా," అన్నాడు కత్‌బర్ట్ గారు దగ్గరికొచ్చి. "ఏడు నిమిషాలే ఉంది. సరే, వచ్చేశావు. ఇవాళ బండిలో ఎక్కినవాళ్ళు ఎంతమంది? పద్నాలుగేగా?" అప్పటికే కలం కాగితం మీద పెట్టి మొదటి అంకె రాసేశాడు.

అవునంటే చాలు. తల ఊపితే ఇంకా చాలు. పద్నాలుగు మంది దిగారు, పద్నాలుగు మంది ఓడెక్కారు.

"పదిహేను," అంది క్లోతిల్డా.

"ఏంటి?"

"పదిహేను మంది. వెనక మా తాంతీ ఉంది. మధ్యాహ్నం వానలో నేనే ఎక్కించాను. ఆవిడ్ని దాచి ఓడ మనిషిని ఒకాయన్ని వదిలేశాను. మళ్ళీ వెళ్ళి తెచ్చాను."

కత్‌బర్ట్ గారు కలం ఆపాడు. ఓడ వైపు చూశాడు, బస్సు వైపు చూశాడు. "తిల్డా, నాకు సరిగ్గా వినబడలేదు. మళ్ళీ చెప్పు. ఆలోచించి చెప్పు."

ఆమె అట్ట మీది కాగితాన్ని వేలితో చూపించింది.

"పదిహేనండీ. రాసుకోండి."

ఆయన రాసుకున్నాడు.

ఆమె బస్సెక్కి వెనక్కి వెళ్ళింది. తాంతీ చెయ్యి పట్టుకుని లేవదీసి, తల మీది టోపీ తీసి, వానకోటు విప్పించింది.

"అయ్యో, నీ పేరు తీసేస్తారేమోనే," అంది తాంతీ.

"తీసేస్తారు."

"మరి రేపట్నించి ఏం చేస్తావు?"

"ముందుకొచ్చి కూర్చో తాంతీ," అంది క్లోతిల్డా. "దారిలో ఇంకా చాలామంది నిలబడి ఉంటారు."